గొర్ల బొచ్చు కత్తిరింపును వీడియో తీయడం ఎలా?

నల్లగొండ, పాలమూరు పల్లెల్లో గొర్ల మందల వెంట తిరిగి నేను తీసిన వీడియోలు చూసినవాళ్లు ఎక్కువగా అడిగేవి ఇవే: "కత్తిరింపు ఏ నెలలో ఉంటుంది? ఏ కెమెరా వాడారు? మేం తీస్తే నల్ల గొర్రె బూడిద రంగులో వస్తోంది, మీకు నల్లగా ఎలా వచ్చింది?" ఒక్కొక్కరికి విడిగా చెప్పేకంటే అంతా ఒకచోట రాస్తే మేలనిపించింది. ఫోన్‌తో తీసేవాళ్లకూ, కెమెరా ఉన్నవాళ్లకూ ఇది పనికొస్తుంది.

మొదలుపెట్టే ముందు ఒక సంగతి. ఆ పని మన కోసం జరగదు, మన కోసం ఆగకూడదు. మొదట్లో దేవరకొండ వైపు ఒక మంద దగ్గర, గొర్రె మెడ మీద కత్తెర నడుస్తుండగా "తాతా, ఒక్కసారి ఇటు చూడు" అన్నాను. ఆయన తలెత్తాడు. చేయి మాత్రం ఆగలేదు. గొర్రె తోలు తెగింది. ఆయన నన్ను ఒక్క మాట అనలేదు. పసుపు తెమ్మని మనవడిని కేకేశాడు, అంతే. ఆ రోజు నుంచి కత్తెర ఆడుతున్నంతసేపు నేను నోరు తెరవను. కింద రాసిన పద్ధతి మొత్తం దాని నుంచే వచ్చింది. మళ్లీ చేయమని అడిగే అవసరం రాకుండా ముందే సిద్ధంగా ఉండాలి.

కావలసినవి

- వీడియో తీయగల ఫోన్ గానీ కెమెరా గానీ. ఉన్నది చాలు, ఇందుకోసం కొత్తది కొనొద్దు.
- చిన్న ట్రైపాడ్. పని నేల మీద జరుగుతుంది కాబట్టి ఎత్తుది కాదు, మోకాలి ఎత్తుకు దిగేది కావాలి.
- వైరు మైకు గానీ వైర్‌లెస్ మైకు గానీ, దానికి గాలి శబ్దం ఆపే బొచ్చు తొడుగు. మైకు లేకపోతే రెండో ఫోన్.
- హెడ్‌ఫోన్.
- పవర్ బ్యాంకులు రెండు. మంద ఉన్నచోట కరెంటు ఉండదు.
- ఖాళీ స్థలం. చాలా ఫోన్లలో 1080పీ వీడియో నిమిషానికి సుమారు 130 ఎంబీ, 4కే వీడియో సుమారు 350 ఎంబీ దాకా తింటాయి. గంటకు లెక్కేస్తే 8 జీబీ, 21 జీబీ. 64 జీబీ ఫోన్‌తో 4కే తీస్తానంటే మధ్యాహ్నానికే నిండిపోతుంది. అలాంటప్పుడు 1080పీ పెట్టుకోండి, ఏ నష్టమూ లేదు.
- లెన్స్ మీద దుమ్ము ఊదే రబ్బరు బుడ్డి, మెత్తని బట్ట.
- మీ తిండి, మీ నీళ్లు.

డ్రోన్ తీసుకెళ్లొద్దు. ఆ శబ్దానికి మంద చెదిరిపోతుంది. సూడి గొర్రెలు బెదిరి పరుగెడితే ఈసుకుపోయే, అంటే గర్భం పోయే ప్రమాదం ఉంది. ఆ నష్టం కాపరిది. పైనుంచి మంద కనబడాలంటే పక్కనున్న గుట్ట ఎక్కండి. మన ప్రాంతంలో గుట్టలకు కొదవ లేదు.

1. బొచ్చు ఉన్న మందను వెతకండి

చాలామంది ఇక్కడే పొరబడతారు. గొర్రెలన్నింటికీ కత్తిరింపు ఉండదు. ఉన్ని వచ్చేది దక్కనీ జాతికి, అంటే మన ఊళ్లలో నల్ల గొర్లు అనేవాటికి. నెల్లూరు జాతికి ఉండేవి పొట్టి వెంట్రుకలే, వాటికి కత్తెరతో పని లేదు. మాంసానికి ధర ఉండి ఉన్నికి లేకపోవడంతో చాలామంది కాపరులు వెంట్రుకల జాతికి మారిపోయారు. 2017 జూన్‌లో మొదలైన తెలంగాణ ప్రభుత్వ గొర్రెల పంపిణీ పథకంలో ఒక్కో యూనిట్‌కు 20 గొర్రెలు, ఒక పొట్టేలు ఇచ్చారు. ఆ గొర్రెలను పక్క రాష్ట్రాల నుంచి కొనుక్కొచ్చారు, అవన్నీ బొచ్చు జాతివే కావు. అందువల్ల ఊళ్లో మంద ఉందంటే కత్తిరింపు ఉన్నట్టు కాదు.

ఫోన్‌లో అడిగేటప్పుడు "గొర్రెలున్నాయా" అనకండి. "బొచ్చు గొర్లు ఉన్నయా? కత్తెర పట్టేటోళ్లు ఉన్నరా?" అని అడగండి. మంద ఉండి, కత్తెర పట్టే మనిషి లేని ఊళ్లు కూడా నేను చూశాను. అలాంటి చోటికి పక్క ఊరి నుంచి మనుషులొస్తారు. వాళ్లు వచ్చే రోజే మీ రోజు.

ఎవరూ తెలియకపోతే ఊళ్లోని పశువుల దవాఖానకు గానీ, గొర్రెల పెంపకందారుల సంఘం దగ్గరికి గానీ వెళ్లండి. గొంగడి నేసే కురుమల ఇల్లు ఎక్కడని అడిగినా దారి దొరుకుతుంది. ఉన్ని ఏ మంద నుంచి వస్తుందో వాళ్లకు తెలుసు. సూర్యాపేట దగ్గర దురాజ్‌పల్లి పెద్దగట్టు జాతర రెండేళ్లకోసారి మాఘమాసంలో జరుగుతుంది. అక్కడికి కాపరి కుటుంబాలు లక్షల్లో వస్తాయి. పరిచయాలకు అంతకన్నా మంచి చోటు లేదు గానీ ఆ జనంలో చిత్రీకరణ పెట్టుకోవద్దు.

2. తేదీని కాపరి నోటి నుంచే వినండి

మామూలుగా ఏడాదికి రెండుసార్లు కత్తిరిస్తారు. ఏ నెలలో అన్నది ఊరిని బట్టి, ఆ ఏడాది వానలను బట్టి, మంద ఎక్కడ తిరుగుతోందో దాన్ని బట్టి మారుతుంది. జోరు వానల్లో కత్తెర పట్టరు, తడి బొచ్చు కత్తెరకు లొంగదు. ఎండలు ముదిరాక కొన్ని మందలు ఊళ్లోనే ఉండవు. మేత వెతుక్కుంటూ కృష్ణ ఒడ్డుకో, నల్లమల వైపుకో, వరి కోతలైన సాగర్ ఆయకట్టు పొలాల్లోకో వెళ్లిపోతాయి.

రెండు మూడు వారాల ముందు నుంచి వారానికోసారి ఫోన్ చేస్తూ ఉండండి. "ఎల్లుండి కడుగుతం" అన్న మాట వినగానే బయలుదేరండి. కత్తిరింపుకు ముందు గొర్రెలను చెరువులోనో వాగులోనో కడిగి ఆరబెడతారు. ఆ కడగడం కూడా మీ వీడియోలో ఉండాలి. కత్తిరించే రోజు పొద్దున చేరుకుంటే సగం కథ అప్పటికే అయిపోయి ఉంటుంది.

మంద నల్లమలలో ఉంటే అది అమ్రాబాద్ పులుల అభయారణ్యం పరిధిలోకి వస్తుందేమో చూసుకోండి. అటవీ శాఖ అనుమతి లేకుండా అక్కడ కెమెరా తీయొద్దు. మీరు వెళ్లిపోతారు, ఇబ్బందులు పడేది కాపరి. అలాగే మీరు తీసేది సెన్సార్‌కు వెళ్లే సినిమా అయితే, జంతువులతో చిత్రీకరణకు జంతు సంక్షేమ బోర్డు అనుమతి విషయం షూటింగ్‌కు ముందే తేల్చుకోవాలి. తీసేశాక అడిగితే ఫలితం ఉండదు.

3. ఒక పూట కెమెరా లేకుండా వెళ్లండి

ఇది వదిలేసేవాళ్లే ఎక్కువ. ఒక పూట ఊరికే కూర్చోండి. కుక్కలు మిమ్మల్ని గుర్తుపడతాయి. మంద కుక్కలు మామూలు ఊరకుక్కల్లాంటివి కావు. కాపరి పిలవకుండా దొడ్డి దగ్గరికి అడుగు వేయొద్దు. బండిని దూరంగా ఆపి నడిచి వెళ్లండి. అంతకుముందు వేరే మందలో తిరిగి వచ్చి ఉంటే చెప్పులు కడుక్కుని వెళ్లండి, రోగాలు అలా కూడా పాకుతాయి.

అనుమతి అడిగేటప్పుడు మూడు ముక్కలు స్పష్టంగా చెప్పండి: ఏం తీస్తారు, ఎక్కడ చూపిస్తారు, దాని మీద డబ్బు వస్తుందా లేదా. వాళ్లు సరేనన్న మాటను వీడియోలోనే రికార్డు చేసుకోండి. ఉన్ని వడికే అవ్వను తీయాలంటే అవ్వనే అడగాలి, ఇంట్లో మగవాళ్లు ఒప్పుకుంటే సరిపోదు. కురుమల దేవుడు బీరప్ప గుడి దగ్గర పూజ ఉంటే దాన్ని తీయొచ్చో లేదో మళ్లీ విడిగా అడగండి.

డబ్బు గురించి నేను పాటించేది చెబుతాను. కత్తిరింపు జరిగినందుకు డబ్బు ఇవ్వను, అది వాళ్ల పని. నా వల్ల ఎవరి పూటైనా పోతే, అంటే ఇంటర్వ్యూకు కూర్చోబెట్టినా, మగ్గం ఆపించినా, ఆ రోజు కూలి లెక్కకట్టి ఇస్తాను. గొంగడి కొంటే చెప్పిన ధరకే కొంటాను, బేరం ఆడను.

హెచ్చరిక: "మీకు ఎన్ని జీవాలున్నాయి?" అని కెమెరా ముందు అడగొద్దు. లెక్క పైకి చెప్తే దిష్టి తగులుతుందని నమ్మేవాళ్లున్నారు. దానికన్నా పెద్ద కారణం ఇంకొకటుంది. రాత్రిపూట గొర్రెల దొంగతనాలు జరుగుతుంటాయి. మంద లెక్క, దొడ్డి ఉన్నచోటు, రాత్రి కాపలా ఎవరన్న వివరం ఒకే వీడియోలో కనిపిస్తే దొంగకు దారి చూపినట్టే.

4. మొదటి గొర్రెను తీయకండి, చూడండి

కత్తిరింపు రోజు వచ్చింది. మొదటి గొర్రెకు కెమెరా ఆన్ చేయకండి. గడియారం చూసుకుని కూర్చోండి. కత్తెర ఎక్కడ మొదలైంది? కడుపు కిందా, మెడ దగ్గరా? కాళ్లు కట్టారా, మనిషి మోకాలితో అదిమి పట్టాడా? రెండో పక్కకు ఎప్పుడు తిప్పారు? కత్తెరను ఎన్నిసార్లు సానరాయి మీద రాశారు? ఇది చేయి చేయికీ మారుతుంది. పుస్తకాల్లో చదివిన వరస ఇక్కడ పనికిరాదు.

ఒక గొర్రెకు పట్టిన సమయం తెలిస్తే మిగతా లెక్క సులువు. ఒక గొర్రెను మొదటి నుంచి చివరి దాకా ఆపకుండా తీయడానికి బ్యాటరీ, స్థలం ఉన్నాయో లేదో అప్పుడే చూసుకోండి. ఫోన్‌ను ఫ్లైట్ మోడ్‌లో పెట్టండి. మంచి ఘట్టంలో కాల్ వచ్చి రికార్డింగ్ ఆగిపోతే మళ్లీ దొరకదు.

5. నల్ల గొర్రె నల్లగా రావాలంటే

అందరూ అడిగేది ఇదే కాబట్టి కొంచెం వివరంగా చెబుతాను.

ఆటోలో వదిలేస్తే కెమెరా ప్రతి దృశ్యాన్నీ నడిమి వెలుతురుకు తెచ్చుకోవాలని చూస్తుంది. ఫ్రేమ్ నిండా నల్ల బొచ్చు ఉంటే చీకటిగా ఉందనుకుని వెలుతురు పెంచేస్తుంది. బొచ్చు బూడిద రంగైపోతుంది, కత్తెర పట్టిన పెద్దాయన తెల్ల తలపాగా సున్నం పూసినట్టు అవుతుంది. అదే మీరు దూరం నుంచి తెల్లటి చౌడు నేల మీద మందను తీస్తే తలకిందులవుతుంది. నేల వెలుతురు చూసి కెమెరా తగ్గించేస్తుంది, గొర్రెలు బొగ్గు ముద్దల్లా కనబడతాయి. మధ్యలో ఎవరైనా తెల్ల చొక్కాతో అడ్డం వస్తే షాట్ మొత్తం మిణుకుమంటుంది.

చేయాల్సింది ఇది. ఫోన్‌లో అయితే కత్తెర పట్టిన చేతి మీద వేలు నొక్కిపట్టండి. చాలా ఫోన్లలో ఫోకస్, వెలుతురు రెండూ అక్కడికి లాక్ అవుతాయి. పక్కన కనబడే సూర్యుడి గుర్తును కొంచెం కిందికి జరపండి. కెమెరాలో అయితే మాన్యువల్ పెట్టి, ఆటో చూపించినదానికంటే 0.7 నుంచి 1 స్టాప్ దాకా తగ్గించండి (ఒక స్టాప్ తగ్గిస్తే వెలుతురు సగమవుతుంది). సెకనుకు 25 ఫ్రేములు, 1/50 సెకను షట్టర్ పెడితే చేతి కదలిక సహజంగా వస్తుంది. ఎండ ఎక్కువైతే షట్టర్ పెంచొద్దు, లెన్స్‌లోకి వచ్చే వెలుతురు తగ్గించే ఎన్‌డీ ఫిల్టర్ వేయండి. ఫోన్‌కు ఫిల్టర్ లేకపోతే షట్టర్ సంగతి వదిలేయండి, వెలుతురు లాక్ ఒక్కటి మరవకపోతే చాలు.

ఫోకస్‌ను బొచ్చు మీద పెట్టొద్దు. అంతా ఒకే నలుపు కావడంతో ఆటోఫోకస్‌కు పట్టు దొరక్క ముందుకీ వెనక్కీ ఊగుతుంది. కత్తెర ఇనుము మెరుపు మీద పెట్టండి.

సరిగా వచ్చిందో లేదో ఎలా తెలుస్తుంది? పది సెకన్లు తీసి, నీడలోకి వెళ్లి, ఆ క్లిప్‌ను పెద్దది చేసి రెండు చోట్ల చూడండి. బొచ్చులో పాయలు విడివిడిగా కనబడాలి. తలపాగా మడతలు కనబడాలి. రెండూ కనబడితే సెట్టింగ్ సరైనది. తలపాగా మడతలు పోతే ఇంకొంచెం తగ్గించండి. బొచ్చు మొత్తం ఒకే మచ్చలా ఉంటే తప్పు సెట్టింగ్‌ది కాదు, మీరు కూర్చున్న చోటుది. అప్పుడు వెలుతురు ఒక పక్క నుంచి పడేలా మీరు జరగండి. పక్క వెలుతురు బొచ్చు మీద గీరినట్టు పడితే పాయలు తేలతాయి. ఎండ నడినెత్తి మీద ఉన్నప్పుడు ఏం చేసినా తేలవు. ఆ వేళ చెట్టు నీడలో జరిగే పనిని తీసుకోండి.

పెద్దాయనను మాత్రం జరగమనొద్దు. ఆ చోటు ఆయన ఊరికే ఎంచుకోలేదు. గాలి ఎటు వీస్తుందో, బొచ్చు ఎటు ఎగురుతుందో, మంద ఎటుందో అంతా చూసుకునే కూర్చున్నాడు.

6. ఎక్కడ కూర్చోవాలి, ఏమేం తీయాలి

నిలబడి తీస్తే గొర్రె వీపు, మనిషి తలపాగా మాత్రమే కనబడతాయి. నేల మీద కూర్చోండి. కెమెరా గొర్రె కన్ను ఎత్తులో ఉండాలి. కత్తెర పట్టిన చేతికి ఎదురుగా కూర్చోండి, లేదంటే ఆయన మోచేయి అన్నింటినీ కప్పేస్తుంది. గొర్రె తన్నితే తగలనంత దూరంలో ఉండండి.

కెమెరాను ట్రైపాడ్ మీద పెట్టి రెండో గొర్రెను మొత్తం ఆపకుండా తీయండి. కెమెరా కదపొద్దు, జూమ్ చేయొద్దు. చూడ్డానికి విసుగ్గా ఉంటుందని చాలామంది ఇది తీయరు. కానీ ఆ పని వరసను పూర్తిగా నిలబెట్టేది ఈ ఒక్క షాటే. రేపు ఎవరైనా ఈ పని నేర్చుకోవాలనుకుంటే వాళ్లకు కావలసింది ఇది.

మూడో గొర్రె నుంచి దగ్గరి షాట్లు. ఒక్కోటి కనీసం పదిహేను సెకన్లు కదలకుండా పట్టుకోండి. నేను వదలకుండా తీసేవి:

- మందలోంచి గొర్రెను కాలు పట్టి లాగడం
- కత్తిరించే ముందు వేళ్లతో బొచ్చు పాయ విప్పి చూడటం
- మొదటి కత్తెర వేటు
- బొచ్చు తోలు నుంచి విడిపోతూ దుప్పటిలా మడత పడటం
- కత్తెరను సానరాయి మీద రాయడం
- గాటు పడితే మందు పూయడం (దీన్ని దాచొద్దు, అదీ పనిలో భాగమే)
- కాళ్లు విప్పగానే గొర్రె లేచి ఒళ్లు దులుపుకోవడం
- బొచ్చును ఏరడం: పిల్లల మెత్తటి బొచ్చు విడిగా, పెద్దవాటిది విడిగా
- మూట కట్టడం

వీటన్నింటిలో నాకు ప్రాణమైనది ఇంకొకటుంది. బొచ్చు తీసిన తల్లి మందలోకి వెళ్లగానే దాని పిల్ల ఒక్క క్షణం గుర్తుపట్టదు. అరుస్తూ అటూ ఇటూ తిరుగుతుంది. తల్లి బదులు పలికాక గొంతు విని, దగ్గరికొచ్చి వాసన చూసి పొదుగు పడుతుంది. ప్రతిసారీ జరగదు. జరిగినప్పుడు మాత్రం పరుగెత్తొద్దు. ఉన్నచోటే ఉండి కెమెరా తిప్పండి, శబ్దం బాగా పడేలా చూసుకోండి.

స్లో మోషన్ ఒకటి రెండు చోట్ల చాలు. మిగతా చోట్ల వాడితే ఆ చేతి వేగం అబద్ధమైపోతుంది.

7. శబ్దం

కత్తెర కసకస, గొర్రె ఊపిరి, దూరంగా గొర్రెపిల్లల అరుపులు, మధ్యలో మనుషుల మాటలు. ఇవి లేకుండా పైన పాట పెట్టేస్తే పని ప్రాణం పోతుంది. వీడియో కొంచెం మసకగా ఉన్నా జనం చూస్తారు, శబ్దం బాగాలేకపోతే చూడరు.

మైకును పెద్దాయన చొక్కాకు పెట్టొద్దు. ఆయన వంగే ఉంటాడు కాబట్టి బట్ట రాపిడి తప్ప ఇంకేమీ రాదు. కత్తెరకు రెండు మూడు అడుగుల దూరంలో ఒక రాయికో, చిన్న కర్రకో కట్టండి. గాలి తొడుగు తప్పనిసరి. మైకు లేకపోతే రెండో ఫోన్‌లో వాయిస్ రికార్డర్ పెట్టి అదే చోట ఉంచండి. మొదట్లో కెమెరా ముందు ఒక్కసారి చప్పట్లు కొడితే ఆ తర్వాత రెండింటినీ కలపడం సులువు. ఆ చప్పట్లు కత్తెర మొదలవకముందే కొట్టండి.

మీటరు చూపించే మైకైతే శబ్దం మైనస్ 12 డీబీ దగ్గర ఆడుతూ ఉండాలి, సున్నాను ముట్టొద్దు. హెడ్‌ఫోన్ పెట్టుకుని వినండి. పని మధ్యలో విరామం వచ్చినప్పుడు ఎవరూ మాట్లాడకుండా రెండు నిమిషాలు ఊరికే అక్కడి శబ్దం రికార్డు చేసుకోండి. ఎడిటింగ్‌లో షాట్లు అతకడానికి అదే కావాలి.

8. మాటలు సాయంత్రం

ఇంటర్వ్యూ కత్తిరింపు వేళ వద్దు. మంద దొడ్డి చేరాక, పెద్దాయన కాళ్లు కడుక్కుని కూర్చున్నాక అడగండి. "మీ అనుభవాలు చెప్పండి" అంటే ఏం చెప్పాలో ఆయనకు తోచదు. "మీకేమనిపిస్తుంది" అన్నా అంతే. చేతికి సంబంధించినవి అడగండి: "తాతా, కత్తెర పట్టు ఎట్ల ఉండాలె, చూపియ్యి." "ఫస్టుసారి గాటు వడ్డప్పుడు మీ నాయిన ఏమన్నడు?" "గీ కత్తెర ఎవరు చేసిండ్రు?" ఒక్క ప్రశ్నకు పది నిమిషాలు మాట్లాడతారు.

వాళ్లు మాట్లాడాక వెంటనే తర్వాతి ప్రశ్నకు దూకకండి, కొంచెం ఆగండి. అసలు మాట ఆ నిశ్శబ్దం తర్వాతే వస్తుంది. వాళ్ల యాసను సరిదిద్దొద్దు, సబ్‌టైటిల్స్‌లో కూడా. ఆయన బొచ్చు అంటే బొచ్చు అనే వేయండి, జీవాలు అంటే జీవాలు.

9. మంద రోజంతా

కత్తిరింపు ఒక్కటే తీస్తే అది దేంట్లో భాగమో తెలియదు. ఇంకో రోజు ఉండగలిగితే ఇవి చేర్చుకోండి. పొద్దున్నే దొడ్డిలో గొర్రెపిల్లలను గంపల కింద నుంచి వదిలి తల్లులకు పాలు తాగించడం. మంచు ఆరే దాకా మందను ఆపడం (తడి గడ్డితో నట్టలు, అంటే కడుపులో పురుగులు పడతాయని). కుంటుతున్నదాన్ని పట్టి డెక్క చూడటం. చినుకు పడితే గొంగడిని తల మీదుగా కొప్పెర వేసుకోవడం. రాత్రి రైతు పొలంలో మంద పెట్టడం. ఎరువు కోసం రైతులు మందను పిలిపించుకుంటారు. ఆ మాటామంతీ, ఇచ్చిపుచ్చుకోవడం కూడా ఈ బతుకులో పెద్ద భాగం. రైతు దగ్గర కూడా అనుమతి తీసుకోండి.

కదిలే మందకు ఎదురుగా నిలబడొద్దు. ముందున్న గొర్రె ఆగితే వెనకవన్నీ ఆగుతాయి, బెదిరితే రోడ్డు మీదికి మళ్లుతాయి. అవి వచ్చే దారి పక్కన ముందే వెళ్లి కూర్చోండి. కదలకుండా ఉంటే మీ పక్కనుంచే పోతాయి. సాయంత్రం సూర్యుడికి ఎదురుగా తీస్తే డెక్కల దుమ్ము బంగారం రంగులో లేస్తుంది. అందరికీ నచ్చే షాట్ అది, తీయండి గానీ వీడియో అంతా దానితోనే నింపొద్దు. ఆ దుమ్ము లెన్స్ మీద పడుతుంది. చొక్కాతో తుడిస్తే గీతలు పడతాయి. ముందు రబ్బరు బుడ్డితో ఊది, తర్వాత బట్టతో తుడవండి.

10. బొచ్చు ఎటు పోతుందో చూడండి

మూట కట్టాక ఏమవుతుంది? గొంగడి నేసే ఇల్లుంటే అక్కడికి వెళ్లండి. ఏకడం, వడకడం, చింతగింజల గంజి పట్టించడం, గుంట మగ్గం. అది మరో వీడియోకు సరిపడేంత పని, ఇక్కడ నాలుగైదు షాట్లు చాలు. మంద ఉన్న ఇంట్లో పెళ్లి ఉంటే ఉన్ని కంకణం కట్టే ఆచారం ఉందేమో అడగండి. కొనేవాళ్లు లేక బొచ్చును గట్టు మీద పారేస్తే అదీ తీయండి. కొన్ని ఊళ్లలో కత్తిరింపు కూలికి కూడా బొచ్చు ధర సరిపోదు. నాకు చూడటానికి కష్టంగా ఉంటుంది, అయినా ఉన్నది ఉన్నట్టు చూపించాలి.

11. ఆ రాత్రే సరిచూసుకోండి

ఇంటికెళ్లాక చూద్దాం అనుకోవద్దు. రేపు ఇంకో నాలుగు గొర్రెలుంటాయి, పోయినవి రేపు తీసుకోవచ్చు.

శబ్దం పూర్తిగా తీసేసి చూడండి. ఏ పని తర్వాత ఏది జరిగిందో అర్థమవుతోందా? తర్వాత కళ్లు మూసుకుని వినండి. కత్తెర వినిపిస్తోందా, గాలి హోరు తప్ప ఏమీ లేదా? గొర్రెను తిప్పిన క్షణం ఎక్కడైనా ఉందా? చాలామందికి ఎడమ పక్కే ఉంటుంది, రెండో పక్క మొదలయ్యేసరికి లేచి టీ తాగడానికి పోయి ఉంటారు.

ఫైళ్లను మూడు కాపీలు చేయండి. రెండు వేర్వేరు డ్రైవుల్లో, ఒకటి వేరే ఇంట్లోనో ఆన్‌లైన్‌లోనో. కాపీ అయ్యాక మధ్యలో రెండు మూడు ఫైళ్లు తెరిచి ఆడించి చూశాకే మెమరీ కార్డు ఖాళీ చేయండి. ఫైలు పేరులో తేదీ, ఊరు, ఏ పని అన్నది రాసుకోండి. బయట పెట్టే కాపీలో లొకేషన్ వివరాలు తీసేయండి.

12. ఎడిటింగ్, చూపించడం

వరస మార్చొద్దు. కడగడం, ఆరబెట్టడం, కత్తిరించడం, ఏరడం, మూట. ఏడో గొర్రె షాట్‌ను మూడో గొర్రె మధ్యలో కలపాల్సి వస్తే కత్తెర ఏ పక్కన ఉందో చూసుకోండి. మామూలు ప్రేక్షకుడికి తెలియకపోవచ్చు, కత్తెర పట్టిన మనిషికి వెంటనే తెలిసిపోతుంది.

బయట పెట్టకముందు మొదట చూపించాల్సింది ఆ మనిషికే. ఫోన్‌లో కాకుండా కొంచెం పెద్ద తెర మీద, ఇంట్లో అందరినీ కూర్చోబెట్టి చూపించండి. ఆయన ముఖం గమనించండి. "గిది గిట్ల గాదు" అన్నచోట ఆపి రాసుకోండి, అది మార్చండి. ఏదైనా తీసేయమంటే కారణం అడగకుండా తీసేయండి. నాకు ఒకసారి ఒక అవ్వ తాను ఏడ్చిన ముక్క వద్దంది. వీడియోలో అదే బాగా వచ్చిన చోటు. అయినా తీసేశాను.

కాపీని పెన్‌డ్రైవ్‌లో వేసి ఆ ఇంట్లో ఇవ్వండి. వాట్సాప్‌లో పంపితే మామూలు వీడియోగా కాకుండా డాక్యుమెంట్‌గా పంపండి, లేకపోతే నాణ్యత పడిపోతుంది. ఎడిట్ చేసినదే కాదు, రెండో గొర్రె పూర్తి షాట్ కూడా ఇవ్వండి, మనవలకు అది కావాలి. అక్కడే కూర్చుని వచ్చే కత్తిరింపు ఎప్పుడుంటుందో అడిగి రాసుకోండి.